ఉప్పలమ్మ సంజాయిషీ

రవ్వలో పురుగు కనిపిస్తే ఆ ఇంట్లో ముందు వెతికేది పురుగును కాదు, స్వరూపను.

ఆ పొద్దున కూడా అంతే అయింది. ఉప్మాకని డబ్బా తీసి, రవ్వ జల్లెడలో పోసి నాలుగుసార్లు ఆడించిందో లేదో, రెండు నల్ల పురుగులు అంచు పట్టుకుని పాకాయి. వంటింటి గుమ్మంలో నిలబడి పళ్ళు తోముకుంటున్న అత్తగారు సారలమ్మ కంట్లో పడనే పడ్డాయి. ఆవిడ కళ్ళజోడు లేకుండా పేపరు చదవలేదు గానీ, కోడలి వంటింట్లో పురుగును మాత్రం హాల్లోంచి కూడా చూడగలదు. "ఇరవై రెండేండ్లాయె నువ్వీ ఇంటికొచ్చి. డబ్బా మూత గట్టిగ పెట్టుడు ఇంక రాకపాయె నీకు" అంది నోట్లో నురగతోనే. ఆ రవ్వ నిన్న సాయంత్రం సందు చివరి కిరాణాలో కొనుక్కొచ్చింది సారలమ్మే. కవరు విప్పి డబ్బాలో పోసిందీ ఆవిడే. ఆ మాట చెప్పడానికి ఒక్క వాక్యం చాలు. స్వరూప నోరు తెరిచింది కూడా. ఇంతలో హాల్లోంచి భర్త భూపాల్ గొంతు వినిపించింది. "పొద్దుగాలనే ఏంది లొల్లి? అమ్మ ఏమో అంటున్నది గదా, జర అయిందనిపియ్యరాదు?"

అయిందనిపించడం ఎట్లాగో స్వరూపకు బాగా వచ్చు. "తప్పయింది అత్తమ్మా" అంది. లొల్లి ఆగింది. సారలమ్మ నోరు పుక్కిలించుకోవడానికి వెళ్ళిపోయింది.

ఆ మాట ఎన్ని వేలసార్లు అని ఉంటుందో లెక్క లేదు. కొత్తలో ఆమె కూడా చెప్పుకునేది పాపం. పాలు పొంగడానికి ముందు ఫోన్ మోగిందనీ, ఫోన్ చేసింది ఆడబిడ్డేననీ, ఎత్తకపోతే అది ఇంకో తప్పయ్యేదనీ వరసగా, సాక్ష్యాలతో సహా చెప్పేది. ఆ ఇంట్లో దానికి ఎదురు మాట్లాడడమని పేరు. తీర్పు ఎలాగూ ముందే అయిపోయి ఉండేది కాబట్టి, ఆమె చెప్పేదంతా తీర్పు మీద తిరుగుబాటు కిందికే వచ్చేది. రెండేళ్ళు పోయాక ఆమెకు సులువు తెలిసింది. తప్పయింది అంటే అర నిమిషంలో తేలిపోతుంది, ఎనిమిదింటి పని ఎనిమిదింటికి అవుతుంది. మంచి కోడలని పేరు కూడా వచ్చింది. చేయని తప్పులు ఒప్పుకుని సంపాదించిన పేరది.

ఆ రోజు మాత్రం ఆ మాట అన్నాక రవ్వను మళ్ళీ జల్లించబోయి ఆగింది. పదకొండు గంటలకు ఆఫీసులో ఉప్పలమ్మ విచారణ ఉంది. ఇదే మాటను నాలుగు వారాల కింద స్వరూప ఉప్పలమ్మ తరఫున కూడా రాసిపెట్టింది.

స్వరూప యూనివర్సిటీ పరిపాలనా భవనంలో హాస్టళ్ళ సెక్షన్ సూపరింటెండెంటు. ఉప్పలమ్మ బాలికల హాస్టల్ మెస్సులో పనిచేసేది. పద్దెనిమిదేళ్ళుగా బియ్యం చెరగడం, పప్పు ఏరడం, రవ్వ జల్లించడం ఆమె పని. మౌలాలి గుట్ట కింద బస్తీలో ఇల్లు. తెల్లవారి నాలుగున్నరకు బయలుదేరి, ఆటో దొరికితే ఆటో, లేకపోతే నడక. ఈ ఏడాది పర్మినెంటు చేసే పేర్ల జాబితాలో ఆమె పేరు పదకొండోది. ఆ జాబితా టైపు చేసింది కూడా స్వరూపే.

అసలు సంగతి బోనాల ఆదివారంతో మొదలైంది. భూపాల్ ముషీరాబాద్‌లోని తన ఇన్సూరెన్స్ ఆఫీసు వాళ్ళనూ, ఇటు రామంతాపూర్ చుట్టాలనూ కలిపి ముప్పై మందిని భోజనానికి పిలిచి వచ్చాడు. పిలిచాక గురువారం రాత్రి అన్నం తింటూ చెప్పాడు. ముప్పై మందికి బగారన్నం, మటన్, బోటీ కూర ఒక్కదాన్ని ఎట్ల చేస్తానని స్వరూప అంటే, "మీ హాస్టల్ల గంతమంది ఆడోళ్ళున్నరు గదా, ఒకామెను పిలువు. సూపరింటెండెంటువు, నువ్వు పిలిస్తె రారా?" అన్నాడు. ఇదేమీ లోకంలో లేని విషయం కాదు. వార్డెన్ల ఇళ్ళలో పుట్టినరోజులకూ, ఆఫీసర్ల ఇళ్ళలో గృహప్రవేశాలకూ మెస్సు ఆడవాళ్ళు వెళ్ళి వండి రావడం ఎప్పటి నుంచో ఉంది. ఎవరూ డబ్బు ఇవ్వరు, బదులుగా మెస్సులో హాజరు వేయిస్తారు. ఇన్నేళ్ళలో స్వరూప ఎప్పుడూ ఎవరినీ పిలవలేదు. అందుకు లోలోపల కొంచెం గర్వంగా కూడా ఉండేది. ఆ గురువారం ఆ గర్వం కాస్తా పోయింది. ఉప్పలమ్మకు ఫోన్ చేసింది. మెస్సు సూపర్‌వైజర్ రాజలింగుకు కూడా చేసి, "ఆదివారం ఉప్పలమ్మకు హాజరు వెయ్యి, నేను చూసుకుంట" అని చెప్పింది.

ఉప్పలమ్మ ఆదివారం ఐదింటికే వచ్చింది. ఎనిమిది కిలోల ఉల్లిగడ్డలు తరిగింది, మసాలా నూరింది, బోటీ ఐదు నీళ్ళు కడిగింది. మధ్యాహ్నం అందరూ తిని బాగుంది బాగుంది అన్నారు. భూపాల్ ఎవరితోనో "మా ఇంటామె చేతి వంట" అన్నప్పుడు స్వరూప కాదనలేదు. నాలుగింటికి స్వరూపా ఉప్పలమ్మా వంటింట్లో కింద కూర్చుని తిన్నారు. ఉప్పలమ్మకు తన పక్కనే విస్తరేసి, అడుగున మిగిలిన మంచి ముక్కలన్నీ ఆమెకే వడ్డించింది. అట్లా పక్కన కూర్చోబెట్టుకున్నందుకు తన మంచితనానికి తానే మురిసింది కూడా. ఆ సంగతి ఇప్పుడు గుర్తొస్తే ఒళ్ళంతా ముడుచుకుపోతుంది.

ఆ పొద్దునే హాస్టల్లో రవ్వ జల్లించే మనిషి లేదు. ఉప్మాలో పురుగులు వచ్చాయి. తొమ్మిదింటికల్లా ఆడపిల్లలు ప్లేట్లు పట్టుకుని పరిపాలనా భవనం ముందు రోడ్డు మీద కూర్చున్నారు. ఆ ఫోటోలు ఫోన్లలో తిరిగాయి. బోనాల సందడిలో స్వరూప ఫోన్ ఎక్కడో దిండు కింద ఉంది. సోమవారం ఆఫీసుకు వెళ్ళేదాకా ఆమెకు తెలియదు.

డిప్యూటీ రిజిస్ట్రార్ రవికాంత్ ఆమె కోసమే చూస్తున్నాడు. "స్వరూపమ్మా, సాయంత్రం నాలుగింటికి పిల్లలకు చెప్పాలె, ఎవరి మీదనో చర్య తీసుకున్నమని. ఎవరున్నరు ఆ డ్యూటీల?" అంటూ హాజరు పట్టీ ఆమె ముందుకు తోశాడు. ఆదివారం పొద్దున, రవ్వా బియ్యం శుభ్రం చేసే పని, ఉప్పలమ్మ, హాజరు. రాజలింగు గుండ్రటి అక్షరాలతో చక్కగా రాసిపెట్టాడు. ఆ అక్షరాల వంక చూస్తూ స్వరూప నిలబడిపోయింది. సార్, ఆమె ఆ రోజు మెస్సులో లేదు, మా ఇంట్లో ఉంది అనాలి. అంతే. నాలుక మీదికి వచ్చింది కూడా. "ఈమేనా? మరి కానియ్యి" అన్నాడు రవికాంత్. స్వరూప "సరే సార్" అంది.

ఆఫీసులో దీనికొక వరస ఉంది. ముందు ఉత్తర్వు టైపవుతుంది. తర్వాత దానికి నాలుగు రోజుల ముందటి తేదీనో, మరీ తొందరైతే అదే రోజు పొద్దుటి తేదీనో వేసి నోటీసు. దాని కింద, సహజ న్యాయ సూత్రాల ప్రకారం మీ వివరణ ఇచ్చుకొనుటకు అవకాశము ఇవ్వబడుచున్నది అని ఒక వాక్యం. ఆ వాక్యాన్ని స్వరూప కళ్ళు మూసుకుని టైపు చేయగలదు. ఎదుటి మనిషి మాట వినకుండా శిక్ష వేయకూడదని ఆ నియమానికి అర్థం. దాన్ని ఇన్నేళ్ళుగా కాగితం మీద ఎక్కిస్తూనే ఉంది. మూడోది సంజాయిషీ. నాలుగో తరగతి ఉద్యోగులకు రాయడం రాదని చెప్పి, దాన్ని కూడా సెక్షనే రాసి సంతకం తీసుకుంటుంది. అంటే నేరమూ, జవాబూ, తీర్పూ మూడూ ఒకే టేబుల్ మీద, ఒకే చేత్తో. "నీ డ్రాఫ్టింగు వెన్న లెక్కుంటది స్వరూపమ్మా" అంటాడు రవికాంత్. ఆ మెప్పు కోసం ఆమె చాలా సాయంత్రాలు ఆలస్యంగా ఇంటికి వెళ్ళింది. ఆలస్యానికి ఇంట్లో తప్పయింది అని చెప్పుకుంది కూడా.

ఉప్పలమ్మ సంజాయిషీ రాయడానికి ఆమెకు పది నిమిషాలు పట్టింది. "ఆదివారం ఉదయం నేను విధులలో ఉండి కూడా రవ్వను సరిగా శుభ్రము చేయలేదు. నా నిర్లక్ష్యము వల్లనే ఈ పొరపాటు జరిగినది. తప్పయినది. పెద్ద మనసుతో క్షమించగలరు." రాస్తున్నప్పుడు తనకు తాను ఏం చెప్పుకుందో స్వరూపకు ఇప్పటికీ గుర్తుంది. ఒప్పుకుంటే ఒక హెచ్చరికతో పోతుంది. కాదంటేనే పెద్దదవుతుంది. ఒప్పుకోవడమే ఉప్పలమ్మకు మంచిది. తన ఇరవై రెండేళ్ళ సంసారం నేర్పిన తెలివి అది. అట్లా అనుకుంటూ రాసేసింది. దాని అడుగున ఇంకో మాట ఉంది. విచారణంటూ పెడితే నా ఇంటి సంగతి బయట పడుతుంది. ఆ మాటను ఆ రోజు ఆమె తనకు తాను కూడా వినపడనివ్వలేదు.

అటెండర్ మొగిలి పోయి ఉప్పలమ్మను పిలుచుకొచ్చాడు. చేతులింకా తడిగా ఉన్నాయి, కొంగుకు తుడుచుకుంది. "ఏం రాసినవ్ మేడం?" అంది. "ఏం లేదు ఉప్పలమ్మా, నీ మంచికే. ఒక సంతకం పెట్టు" అంది స్వరూప. ఆదివారం తన పక్కన కూర్చుని తిన్న మనిషి, చదవకుండా పెట్టింది. ఉ అక్షరం పెద్దగా, మిగతావి చిన్నగా, ఏటవాలుగా. మూడున్నరకు ఉత్తర్వు బయటికి వచ్చింది. హెచ్చరిక కాదు. తన తప్పును తానే రాతపూర్వకముగా అంగీకరించినందున విధుల నుండి తొలగించడమైనది. స్వరూప రాసిన వెన్నలాంటి సంజాయిషీనే ఆ ఉత్తర్వుకు ఆధారం.

ఆ తర్వాత పది రోజులకు, ఒక సాయంత్రం ఉప్పలమ్మ తార్నాకలో వీళ్ళ ఫ్లాటుకు వచ్చింది. తలుపు తీసిన భూపాల్ "నీ కోసమే" అని లోపలికి వెళ్ళిపోయాడు. స్వరూప లోపలికి రమ్మంది. "రాను. వస్తె మళ్ళ ఉల్లిగడ్డలు కోయిస్తవు" అంది ఉప్పలమ్మ. నవ్వలేదు. మెట్ల దగ్గరే నిలబడింది. కాగితంలో ఏముందో ఆమెకప్పటికి తెలిసింది గానీ సగమే. క్యాంపస్ వర్కర్ల సంఘంలో ఉండే సామేలు ఉత్తర్వు చదివి చెప్పాడట.

"నేనే ఒప్పుకున్ననట గద మేడం. ఎన్నడు ఒప్పుకున్న? నన్నెవలడిగిన్రు?"

స్వరూప తలుపు గడియను అటూ ఇటూ తిప్పింది.

"ఆ దినం నేను మీ ఇంట్ల ఉన్ననని నేను చెప్తె ఎవలూ నమ్మరు. నౌకరి పోయిందని మేడం మీద అబద్ధాలాడుతున్నదంటరు. పట్టీల హాజరు పడ్డది నాయె. నువ్వు చెప్తె ఒక్క మాటల అయిపోతది. చెప్తవా?"

"చూస్తా ఉప్పలమ్మా" అంది స్వరూప.

పద్దెనిమిదేళ్ళు యూనివర్సిటీలో పనిచేసిన మనిషికి ఆఫీసు వాళ్ళ చూస్తా అంటే ఏమిటో తెలియదా? ఉప్పలమ్మ ఆమె మొహంలోకి ఒక్క క్షణం చూసి మెట్లు దిగిపోయింది. స్వరూప తలుపు వేసి వెనక్కి తిరిగేసరికి భూపాల్ నిలబడి ఉన్నాడు. అంతా విన్నాడు. "చెప్పొద్దు. యూనివర్సిటీ వర్కర్‌ను ఇంట్ల పనికి పెట్టుకున్నవని తెలిస్తె నీ ప్రమోషన్ గోవిందా. పైనుంచి నీకే మెమో ఇస్తరు. అసలు ఆమెను పిలవమన్నది ఎవరు నిన్ను?" అన్నాడు. "మీరే గదా..." అనబోయింది. "మధ్యల మాట్లాడకు. ఫోన్ చేసింది నువ్వా, నేనా?" అన్నాడు. లోపల్నుంచి సారలమ్మ, "ఆడోళ్ళ నౌకర్లంటె గిట్లనే ఉంటయి. ఏదో ఒక తలనొప్పి ఇంటికి తెస్తరు" అంది. అప్పుడు కూడా స్వరూప నోటి వెంట అలవాటుగా అదే మాట వచ్చింది. వచ్చాక స్నానాలగదిలోకి వెళ్ళి, కుళాయి తిప్పి, చాలాసేపు ఊరికే నిలబడింది. మొహం కడుక్కుంటూ అద్దంలోకి చూడలేదు.

సామేలు ఊరుకోలేదు. నన్ను ఎవరూ అడగలేదు, నేను చెప్పుకునేది ఎవరూ వినలేదు అని ఉప్పలమ్మ పేరు మీద అర్జీ రాయించి పైవాళ్ళకు ఇచ్చాడు. యూనివర్సిటీ వకీలు దాన్ని చూసి, మనిషిని పిలిచి వినకపోతే ఈ ఉత్తర్వు కోర్టులో నిలబడదన్నాడు. అందుకని ఈ విచారణ. "ఏం లేదు స్వరూపమ్మా. పది నిమిషాలు పిలిచి విన్నట్టు చేద్దాం. మినిట్స్ నువ్వు ముందే టైపు చేసి పెట్టుకో, చివర్ల సంతకాలు తీసుకుందాం" అన్నాడు రవికాంత్. నిన్న సాయంత్రం ఐదున్నరకు స్వరూప అది కూడా టైపు చేసింది. శ్రీమతి ఉప్పలమ్మ హాజరైనది. ఆమె చెప్పుకొనునది సావధానముగా వినడమైనది. కొత్త విషయములేవియు చెప్పలేదు. జరగబోయే విచారణలో ఉప్పలమ్మ ఏమీ చెప్పలేదని ఒక రోజు ముందే రాసేసింది.

ఇప్పుడు ఆ కాగితం ఆమె సంచిలో ఉంది. టిఫిన్ డబ్బా పక్కన, ఫైల్లో. తార్నాక చౌరస్తా నుంచి క్యాంపస్ దాకా రోజూ ఎక్కే షేర్ ఆటో ఎక్కకుండా నడిచింది. పక్క నుంచి పిల్లలు బండ్ల మీద పోతున్నారు. ఎవరో అమ్మాయి "గుడ్ మార్నింగ్ మేడం" అంది. స్వరూపకు సిగ్గు ఇంత బరువుంటుందని ఇంతకుముందు తెలియదు. ఇంట్లో మాటలు పడ్డప్పుడు వచ్చే అవమానం వేరు. దానికి కారణం వాళ్ళు కాబట్టి, లోపలెక్కడో తాను శుభ్రంగా ఉన్నాననే ధైర్యం మిగిలేది. ఇది అట్లా కాదు. తనను వినని ఇంటి మీద ఇన్నేళ్ళు లోలోపల ఎంత ఏడ్చిందో, ఉప్పలమ్మ విషయంలో తను అచ్చం ఆ ఇల్లే అయింది. భూపాల్‌ది కనీసం బహిరంగంగా అరిచే గొంతు. తనది ఇంకా నయవంచన, నీ మంచికే అని చెప్పి చేసింది. నడుస్తూ నడుస్తూ, ఎండ ఏమీ లేకున్నా కొంగు తలమీదికి లాక్కుంది.

విచారణ కాన్ఫరెన్స్ హాల్లో. పొడుగాటి బల్లకు అటువైపు రవికాంత్, పక్కన హాస్టళ్ళ చీఫ్ వార్డెన్ నవనీత మేడం. ఆవిడ కాసేపు ఫోన్ చూస్తుంది, కాసేపు గోడ గడియారం. బల్ల చివర, రాసుకునే చోట స్వరూప. మొగిలి ముగ్గురికీ టీ తెచ్చిపెట్టాడు. ఉప్పలమ్మ లోపలికి వచ్చింది. ఉతికిన చీర, నూనె పెట్టి దువ్విన జుట్టు. సామేలును బయటే ఆపారు. ఆమె నిలబడే ఉంది. కూర్చోమని ఎవరూ అనలేదు. హాల్లో ఇరవై ఖాళీ కుర్చీలున్నాయి. స్వరూప లేచి ఒక కుర్చీ బల్ల ముందుకు జరిపింది. రవికాంత్ కనుబొమలు ఎగరేశాడు గానీ ఏమీ అనలేదు. ఉప్పలమ్మ కుర్చీ వంక చూసి, స్వరూప వంక చూడకుండా కూర్చుంది.

"చెప్పమ్మా, నువ్వు నీ సంజాయిషీలో తప్పు ఒప్పుకున్నవు. ఇంక కొత్తగ చెప్పేదేమన్న ఉన్నదా?" అన్నాడు రవికాంత్.

"ఆ కాయితంల నేనేమన్ననో నాకే తెల్వది సార్. ఒకసారి చదివి వినిపియ్యిన్రి" అంది ఉప్పలమ్మ.

నవనీత మేడం ఫోన్ మీంచి తలెత్తింది. రవికాంత్ గడియారం చూసుకుని, "చదువు స్వరూపమ్మా, అది కూడా అయిపోతది" అన్నాడు.

స్వరూప ఫైలు తెరిచింది. తను టైపు చేసిన కాగితాన్ని తనే చదవాల్సి రావడం ఉద్యోగంలో చాలాసార్లు జరిగింది. గొంతు తడబడకుండా చదవడం ఆమెకు వచ్చు. "ఆదివారం ఉదయం నేను విధులలో ఉండి కూడా..." దగ్గరే ఆగింది. నీళ్ళు తాగి మళ్ళీ మొదలుపెట్టింది. నేను అని చదవాలి. తన నోటితో, ఉప్పలమ్మ మొహం చూస్తూ, నేను అని. "నా నిర్లక్ష్యము వల్లనే... తప్పయినది. పెద్ద మనసుతో క్షమించగలరు." ఉప్పలమ్మ ఒక్కో మాటకూ మెల్లగా తలాడించింది. ఒప్పుకుంటూ కాదు, వేరెవరి గురించో వింటున్నట్టు. స్వరూపకు చెవులు వేడెక్కిపోయాయి. తన ఇంట్లో తను రోజూ మాట్లాడే మాటలు ఇంతమంది ముందు బయటికి చదివినట్టు అయింది.

"మంచిగ రాసినవ్ మేడం" అంది ఉప్పలమ్మ. "గని ఇది నా మాట కాదు. నేను గిట్ల మాట్లాడనే మాట్లాడ. సార్, ఆ రవ్వ బస్తాలు అప్పటికి పదిహేను దినాల సంది పురుగు పట్టే ఉన్నయి. వాపస్ పంపున్రి అని రాజలింగు సార్‌కు రెండుసార్లు చెప్పిన. జల్లించుకొని వాడుకో అన్నడు. జల్లించుకుంట వచ్చిన, ఒక్క దినం గూడ ప్లేట్లకు రానియ్యలే. ఆ ఆదివారం నేను లేను. లేను గాబట్టే వచ్చినయి."

"లేవా? పట్టీలో హాజరున్నది గదా. లేకుంటే ఎక్కడున్నవు మరి?"

"ఏడున్ననో గా రాసెటామెకు తెలుసు."

చెయ్యి చాపి చూపించలేదు. తిట్టలేదు. మామూలుగా, మెస్సులో ఉప్పు ఎక్కడుందో చెప్పినట్టు చెప్పింది. కానీ రవికాంతూ నవనీత మేడమూ ఒకేసారి బల్ల చివరకు తిరిగారు. గుమ్మంలో మొగిలి కూడా.

స్వరూప ముందు నిన్నటి మినిట్స్ ఉన్నాయి. కొత్త విషయములేవియు చెప్పలేదు అనే వాక్యం పైకే కనిపిస్తోంది. ఇప్పటికీ ఒక దారి ఉందని ఆమెకు తెలుసు. నాకేం తెలుసు ఉప్పలమ్మా అంటే చాలు. అందరూ నమ్ముతారు. తను సూపరింటెండెంటు, ఆమె నౌకరి పోయిన మెస్సు మనిషి. భూపాల్ సాయంత్రం ఇంట్లో మెచ్చుకుంటాడు కూడా. అంత సులువుగా అబద్ధం చెల్లుతుందని తెలియడమే ఆమెకు తల ఎత్తుకోలేనంత సిగ్గనిపించింది. మినిట్స్ కాగితాన్ని తిరగేసి పక్కకు పెట్టి, ఫైలు వెనక నుంచి తెల్ల కాగితాలు తీసింది.

"మా ఇంట్ల ఉన్నది సార్" అంది. ఆఫీసులో ఎప్పుడూ మాట్లాడే పుస్తకాల తెలుగు రాలేదు. "పొద్దున ఐదు నుంచి సాయంత్రం దాకా. బోనాలకు మా ఇంట్ల ముప్పై మందికి వండింది. నేనే పిలిచిన. హాజరు వెయ్యమని రాజలింగుకు ఫోన్ చేసింది నేను. ఆ సంజాయిషీ రాసింది గూడ నేనే. ఆమెకు చదివి చెప్పకుంట సంతకం తీసుకున్న. పట్టీ మీరు నా ముందట పెట్టిననాడే ఇది చెప్పాలె. నాకు భయమై చెప్పలే."

రవికాంత్ మొదట నవనీత మేడం వంకా, తర్వాత మొగిలి వంకా చూశాడు. మొగిలి తలుపు దగ్గరికి వేసి అక్కడే నిలబడ్డాడు. రవికాంత్ గొంతు తగ్గించాడు. "స్వరూపమ్మా, ఏం మాట్లాడుతున్నవో ఆలోచించుకో. ఇది రికార్డులకెక్కితే నీ ఉద్యోగానికే ముప్పు. రేపు ఇంకెవరెవరి ఇండ్లకు ఎవరెవరు వండుటానికి పోయిన్రో గూడ బయటికొస్తది. అర్థమైందా? అది రాయకు."

నవనీత మేడం ఫోన్‌ను బోర్లా పెట్టింది. మొన్న మార్చిలో ఆవిడ ఇంటి గృహప్రవేశానికి ఎంతమంది మెస్సు ఆడవాళ్ళు వెళ్ళారో ఆ గదిలో అందరికీ తెలుసు.

స్వరూప రాస్తోంది. కంప్యూటర్ మీద రాసే చెయ్యి, పెన్నుతో రాయడం అలవాటు తప్పింది. అక్షరాలు వంకరపోతున్నాయి. ఉప్పలమ్మ అన్న మాటలు ఉప్పలమ్మ అన్నట్టే రాసింది. ఏడున్ననో గా రాసెటామెకు తెలుసు అన్నదాన్ని శ్రీమతి ఉప్పలమ్మ తెలియజేసినదేమనగా అని మార్చలేదు. దాని కింద తన పేరు, తన హోదా, తను చెప్పింది. తన తప్పును తన పేరుతో రాయడం ఆమెకు అదే మొదటిసారి. సిగ్గేమీ తగ్గలేదు. మొహం ఇంకా మండుతూనే ఉంది. సాయంత్రం ఇంటికి వెళ్ళాక ఏమవుతుందో, వచ్చే వారం ఈ ఆఫీసులో తన కుర్చీ ఉంటుందో లేదో తెలియదు. ఉప్పలమ్మ తనను క్షమిస్తుందనే ఆశ కూడా ఏమీ లేదు, అడిగే మొహమూ లేదు.

"రాయొద్దన్న గదా!" అన్నాడు రవికాంత్, ఈసారి గట్టిగా.

"అది గూడ రాస్తున్న సార్" అంది స్వరూప, తలెత్తకుండా.

కుర్చీలో ఉప్పలమ్మ కొంచెం ముందుకు జరిగింది. రెండు చేతులూ బల్ల మీద పెట్టింది.

"అయిపోలే మేడం. ఇంకా మస్తున్నది చెప్పేది" అంది. "రాయి."